బ్రిడ్జి మీద గాలి

"డాక్టరమ్మ తినొద్దన్నది గానీ, ముట్టొద్దన్నదా ఏంది?" అన్నది ఇన్నమ్మ, వసారాలో మంచం మీద కూర్చుని జపమాల తిప్పుతూనే.

లూర్దు పెరటి గుమ్మం దగ్గర పీట వేసుకుని, థర్మకోల్ పెట్టె మూత తీసి లోపలికి చూస్తూ కూర్చుంది. కరిగిన మంచునీళ్లలో, కాళ్లకు పురికొస చుట్టిన సముద్రపు ఎండ్రకాయలు ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. కాకినాడ నుంచి బస్సు డిక్కీలో వచ్చాయి. ఒకటీ అరా ఇంకా కాళ్లు ఆడిస్తున్నాయి. మొగుడు ఆంథోని పొద్దున్నే సారపాక సెంటర్‌కు పోయి పెట్టె దించుకొచ్చి, వంటింట్లో పెట్టి, "ఫ్రెష్షున్నయ్ చూడు" అని చేతులు కడుక్కుని మిల్లుకు డ్యూటీకి వెళ్లిపోయాడు. ఇంట్లో పెట్టుకున్న ఈ పార్టీలో ఆయన పని అంతటితో సరి. ఇక మిగిలింది సాయంత్రం సోఫాలో కూర్చోవడమే.

అత్తకు జవాబు చెప్పడానికి ఏముంది? ముట్టొద్దనే అన్నది డాక్టరమ్మ. ముట్టొద్దు, ఉడికించొద్దు, ఆ ఆవిరి వచ్చే చోట నిలబడనే వద్దు అన్నది. ఆ మాట జనవరి నుంచి అత్తకు ఎన్నిసార్లు చెప్పిందో లూర్దుకే గుర్తు లేదు. చెప్పిన ప్రతిసారీ ఇన్నమ్మ అప్పుడే విన్నట్టు "అట్లనా!" అంటుంది, మర్నాటికి మరిచిపోతుంది. కొడుక్కి ఏ సంవత్సరం ఏ నెలలో పడిశం పట్టిందో మాత్రం అడిగితే గడగడా చెప్తుంది మహాతల్లి.

అది తపస్కాలపు శుక్రవారం. మాంసం ముట్టకూడని రోజు. ఆంథోని భక్తిని తక్కువ చేయకూడదు. బూడిద బుధవారం మొదలుకొని ఈస్టరు దాకా శుక్రవారం నాడు ఇంట్లో కోడిగుడ్డు వాసన కూడా రానివ్వడు. కానీ మిల్లుకు హైదరాబాదు నుంచి కొత్తగా వచ్చిన జనరల్ మేనేజరు సంతోష్ సారు "మాకు శుక్రవారమే వీలవుతుందయ్యా" అన్నప్పుడు ఆయన ముఖం చిన్నబోలేదు సరికదా, వెలిగిపోయింది. ఇంటికొచ్చి చెప్పాడు: "చేపలు, రొయ్యలు, ఎండ్రకాయలు గుడి లెక్కన మాంసం కిందికి రావు లూర్దూ. పాపం లేదు, పరువూ పోదు. మన బేక్డ్ క్రాబ్ పెడదాం." స్టోర్స్‌లో సూపర్‌వైజర్‌గా ఉన్న ఆయనకు ఆఫీసరు కుర్చీ ఒకటి ఖాళీ కాబోతున్నది. సారు మనసులో పడాలి. పడాలంటే నాలిక మీదుగా పడాలట. 'మన' బేక్డ్ క్రాబ్ అంటున్నప్పుడు ఆ 'మన'లో ఆయన ఎక్కడున్నాడో లూర్దుకు ఎంత వెతికినా కనపడలేదు. అత్త సొమ్ము అల్లుడు దానం చేసినట్టు, ఆమె రెక్కలు ఆయన దానం చేస్తుంటాడు.

ఒక్కపొద్దు ఉన్నది మాత్రం లూర్దు. పొద్దుటి నుంచి మంచినీళ్లు తప్ప ఏమీ నోట పెట్టలేదు. ప్రతి తపస్కాలపు శుక్రవారం సాయంత్రం గుడిలో సిలువమార్గం ప్రార్థన చేసుకుని వచ్చి ఇంత గంజి తాగుతుంది. చిన్నప్పటి నుంచి ఉన్న అలవాటు అది. ఆ రోజున ఆకలితో కూర్చుని, ఆయన గారి నియమం చెడకుండా ఆయన గారి అతిథులకు సముద్రాన్ని చిప్పల్లో కూరి పెట్టాలి. మొక్కు ఎవరిదో, మోకాళ్లు ఎవరివో!

చేతులకు పాలిథిన్ కవర్లు తొడుక్కుని మణికట్టు దగ్గర రబ్బరు బ్యాండ్లు వేసుకుంది. వాటికీ ఒక కథ ఉంది. వారం నుంచి గ్లవ్స్ తెమ్మని అడుగుతుంటే ఆంథోని రోజూ మెడికల్ షాపు ముందు నుంచే వస్తూ రోజూ మరిచిపోయాడు. నిన్న సాయంత్రం స్వీటు షాపు కవర్లు రెండు తెచ్చి ఆమె చేతిలో పెట్టి, "గివే గ్లవ్సు. వాళ్లు పేరు పెట్టి అమ్ముతరు గంతే" అని నవ్వాడు. ఒక కవరుకు లోపల ఇంకా పాకం జిగురుంది. తన హాస్యానికి తనే మురిసిపోయి తల్లి దగ్గరికి పోయి మళ్లీ చెప్పాడు. తల్లీ కొడుకులు ఇద్దరూ నవ్వుకున్నారు.

నోటికీ ముక్కుకూ తడి చున్నీ కట్టుకుని, ఇంట్లో కాకుండా పెరట్లో మూడు రాళ్ల పొయ్యి మీద గిన్నె పెట్టింది. ఉప్పు, పసుపు వేసి నీళ్లు మరిగాక ఎండ్రకాయలను వదిలింది. గాలి ఎటు వీస్తే దానికి ఎదురు వైపు జరుగుతూ, గరిటెను చేయి చాచి తిప్పుతూ ఉడికించింది. అయినా ఆవిరికి ఆడమనిషి మీద జాలెక్కడిది? చున్నీ సందుల్లోంచి దూరి గొంతులో గరగర మొదలైంది. డాక్టరమ్మ ఇచ్చిన మాత్ర నిన్న రాత్రే వేసుకుంది కాబట్టి ఆ మాత్రమైనా నిలబడింది.

ఉడికించడం అసలు పనే కాదు. అసలు పని ఏరడం. ముందు పై చిప్ప ఊడదీయాలి, అది పగలకూడదు, ఎందుకంటే మళ్లీ అందులోనే కూరాలి. లోపలి మొప్పలు పీకి పారేయాలి. గదులు గదులుగా ఉన్న ఒంట్లోంచి వెంట్రుకంత సన్నటి కండను పిన్నీసుతో లాగాలి. ముందరి పెద్ద కాళ్లను పొత్రంతో కొట్టాలి. మెల్లగా కొడితే పగలవు, గట్టిగా కొడితే పెంకు ముక్కలు కండలో కలిసిపోతాయి. ఒకసారి ఎవరో ఇంజనీరు పంటి కింద పెంకు ముక్క తగిలితే, ఆంథోని అందరి ముందూ "ఏం చూసుకుంట చేసినవ్?" అన్నాడు. ఆ ఇంజనీరు పన్నేమో బాగానే ఉంది. ఆ మాటే ఇప్పటికీ లూర్దుకు ఎక్కడో గుచ్చుకుంటూ ఉంటుంది.

ఏరిన కండను ఉల్లిపాయ, పచ్చిమిర్చి, అల్లం వెల్లుల్లి, మిరియాల పొడితో వేయించాలి. వెన్నలో మైదా వేయించి పాలు పోసి ఉండ కట్టకుండా తిప్పి అందులో కలపాలి. తోమి ఆరబెట్టిన చిప్పల్లో కూరి, పైన బ్రెడ్డు పొడి, దాని మీద చీజ్ తురుము చల్లి ఓవెన్‌లో పెట్టాలి. ఇంత చేసి బయటికి తీసుకుపోతే, మొగవాళ్లు గ్లాసు ఒక చేత్తో పట్టుకుని, ఇంకో చేత్తో చెంచా ముంచి, రెండు బుక్కల్లో చిప్ప ఖాళీ చేసి, "ఇంకున్నయా?" అంటారు. పొద్దంతా ఏరింది మాట మధ్యలో అయిపోతుంది.

"నేనే నేర్పిన మా ఆవిడకు" అని చెప్తాడు ఆంథోని ప్రతి పార్టీలో. ఆయన నేర్పిన విధం ఏమిటంటే, విశాఖపట్నం ట్రైనింగ్‌కు పోయి ఏదో హోటల్లో తిని, ఫోనులో ఫోటో తీసుకొచ్చి, "గిట్ల పైన ఎర్రగ రావాలె" అన్నాడు. అంతే ఆయన పాఠం. మాడిపోయినవి, పగిలిపోయినవి, లోపల చల్లగా పైన కాలిపోయినవి, అన్నీ మూడు వానకాలాలు లూర్దు పడ్డ తిప్పలు. ఆ మాడిపోయినవన్నీ ఆమె పొరపాట్లు, ఎర్రగా వచ్చినవి మాత్రం ఆయన నేర్పినవి.

ముదిగొండ పక్కన వాళ్ల ఊళ్లో ఎండ్రకాయలంటే ఇంత కథ ఉండేది కాదు. నాట్ల కాలంలో ఒడ్ల బొరియల్లోంచి పట్టుకొచ్చి అమ్మ పులుసు పెట్టేది. నాయన, అన్నలు, అమ్మ, తను, చుట్టమొస్తే చుట్టం, అందరూ నేల మీద కూర్చుని ఎవరి ఎండ్రకాయ వాళ్లే కొరుక్కుని, జుర్రుకుని తినేవాళ్లు. మధ్యలో ఒక రాయి ఉండేది. పగలనిది ఉంటే ఎవరికి వాళ్లే కొట్టుకునేవాళ్లు. ఒకసారి పెద్దన్న "అమ్మా, నాది కొట్టియ్యవే" అంటే, నాయన "నీకు పండ్లు లేవార?" అన్నాడు. ఒకడి ఎండ్రకాయను ఇంకొకరు కొరికి నోట్లో పెట్టాలన్న మర్యాద లూర్దు అత్తగారింటికి వచ్చాకే నేర్చుకుంది. ఆ మర్యాదకు మళ్లీ ఇంగ్లీషు పేరొకటి.

ఏరుతూ ఏరుతూ ఉండగానే ఎడమచేతి కవరు చిరిగింది. పెంకు కొస గుచ్చుకుని నీళ్లు లోపలికి దిగాయి. చూస్తుండగానే వేళ్ల సందుల్లో దద్దుర్లు లేచాయి, మంట మొదలైంది. రబ్బరు బ్యాండు కింద మణికట్టు ఉబ్బింది. గోక్కోవడానికి లేదు, రెండో చెయ్యీ ఎండ్రకాయ చెయ్యే.

"అత్తమ్మా, చూడుండ్రి, మళ్లా వచ్చింది" అని చెయ్యి చూపించింది.

ఇన్నమ్మ మెడ సాచి చూసింది. "వేడి చేసుంటది. సబ్జా గింజలు తాగు" అన్నది. కాసేపు పూసలు తిప్పి, అప్పుడే ఏదో మంచి ఉపాయం తట్టినదానిలా, "నీకు పడకపోతే పిల్లకు నేర్పరాదు? ఎండకాలం సెలవులకు వస్తది గదా. దానివి సన్నటి వేళ్లు, ఏరుడు మంచిగొస్తది" అన్నది.

లూర్దు చేతిలో పిన్నీసు ఆగిపోయింది. అది ఆమె తాళికి పెట్టుకునే పిన్నీసు. కూతురు ఏంజెల్ ఖమ్మంలో హాస్టల్లో ఉండి చదువుతోంది. ఆ పిల్ల సన్నటి వేళ్లు బొమ్మలు గీస్తాయి. ఫోను చేసినప్పుడల్లా "అమ్మా, చేతులు తగ్గినయా?" అని అడిగేది ఈ ప్రపంచంలో అదొక్కతే. ఆ వేళ్లను తెచ్చి ఈ తట్టలో పెట్టాలట! లూర్దుకు ఒళ్లు మండిపోయింది. లేచి పెట్టె ఎత్తి మంచం మీద కుమ్మరిద్దామా అనిపించింది. కానీ కుమ్మరించలేదు. కోపం వచ్చిన ప్రతిసారీ చేతిలో ఏదో ఒక పని ఉండటం ఆమె ఖర్మ. ఆ కోపాన్ని కూడా ఎండ్రకాయ ఒంట్లోకి గుచ్చి, కండ లాగింది.

ఇంట్లోనే ఇట్లా ఉంటే బడిలో ఇంకోలా ఉంటుందా? లూర్దు ప్రైవేటు బడిలో రెండో తరగతికి టీచరు. ఈ రోజు మధ్యాహ్నం దాకా పాఠం చెప్పి, హాఫ్ డే లీవు పెట్టుకుని వచ్చింది. ప్రిన్సిపాల్ మేడం సంతకం పెడుతూ, "మళ్లీ మీ సార్ పార్టీయా? మన స్కూల్ డేకు గూడ చేసుకొచ్చేయ్ లూర్దూ. నీ చేతి వంట అందరూ మెచ్చుకుంటరు" అన్నది. లూర్దు పాఠాన్ని మెచ్చుకున్నవాళ్లు ఆ బడిలో ఒక్కరూ లేరు. జ్వరమొస్తే పనికొస్తాయని దాచుకున్న లీవులన్నీ ఎండ్రకాయలకే అయిపోయాయి. జనవరిలో నిజంగా ఒళ్లు బాగాలేనప్పుడు జీతం కోతతో పడుకుంది.

ఆ జనవరి సంగతి చెప్పాలి. ముగ్గురు రాజుల పండుగ నాటి పార్టీ అది. చిప్పల పళ్లెం పట్టుకుని హాల్లోకి పోతుండగా పెదాలు మందంగా అయ్యాయి, ఛాతీలో పిల్లికూతలు మొదలయ్యాయి. వంటింటి తలుపు దగ్గర ఆంథోనికి సైగ చేస్తే ఆయన వచ్చి చూసి, "మొదలు వడ్డించు, వాళ్లు లేచినంక పోదాం. గంట ఆగు" అన్నాడు. ఆగింది. గోడ పట్టుకుని వడ్డించింది. అందరూ పోయాక స్కూటరు మీద గోదావరి బ్రిడ్జి దాటించి భద్రాచలం దవాఖానకు తీసుకుపోయాడు. ఆయన వరండాలో ఫోనులో ఉన్నాడు, లోపల డాక్టరమ్మ ఇంజెక్షను ఇచ్చి మందలించింది: "ఏళ్ల తరబడి తాకి తాకి, ఆ ఆవిరి పీల్చి పీల్చి మీ ఒంటికి అది విషమైపోయిందమ్మా. చేతుల దగ్గర ఆగేది ఇప్పుడు ఊపిరి దాకా వచ్చింది. ఇంకోసారి ఇట్లా అయి, ఆలస్యం చేస్తే ప్రాణానికే ముప్పు. పెదాలు ఉబ్బినట్టనిపిస్తే ఎవరికోసం ఆగకుండా వచ్చేయండి."

తిరిగి వచ్చేటప్పుడు బ్రిడ్జి మీద గాలి ఉద్ధృతంగా ఉంది. పక్కనుంచి ఇసుక లారీలు హారన్లు కొట్టుకుంటూ పోతున్నాయి. ఆంథోని తలకు హెల్మెట్టు. లూర్దు ఆయన భుజం దగ్గర నోరు పెట్టి చెప్పింది: "ఏమండీ, ఇంకోసారైతే ఊపిరి ఆగిపోతదట. ప్రాణానికే ముప్పన్నది." ఆయన తల తిప్పలేదు. ఊఁ అనలేదు. బ్రిడ్జి దిగినాక, "పెట్రోలు కొట్టియ్యాలె" అన్నాడు.

వినపడలేదనుకుంది. గాలికి వినపడి ఉండదు.

ఇంటికి పోయాక మళ్లీ చెప్పొచ్చు కదా అని మీకు అనిపించొచ్చు. చెప్పింది, సగం. "ముట్టొద్దన్నది" అన్నది. "టాబ్లెట్లిచ్చింది గదా, తగ్గుతది" అన్నాడు. ఆ పెద్ద మాట, ప్రాణం మాట, రెండోసారి నోటి దాకా వచ్చి వెనక్కు పోయింది. ప్రాణం పోతుందని మొగుడికి ఒకసారి చెప్పొచ్చు. రెండోసారి చెప్పాల్సి వస్తే అది అడుక్కోవడం. అంతేకాదు, రెండోసారి గది మధ్యలో నిలబడి, ఫ్యాను ఆపేసి చెప్పిన తర్వాత కూడా ఆయన పెట్రోలు మాటే మాట్లాడితే? అప్పుడిక గాలి మీద నెట్టడానికి ఉండదు. అందుకని ఆ బ్రిడ్జి మీది గాలిని లూర్దు పోనివ్వకుండా పట్టుకుని ఉంది. పాలిథిన్ కవర్లు తెచ్చినప్పుడూ, ఈ పొద్దున పెట్టె దించినప్పుడూ, 'పాపం, ఆయన వినలేదు, వింటే తెస్తాడా' అనుకుంది. అంత పిచ్చిదా అంటే, పిచ్చిది కాదు. ఒకే కప్పు కింద బతకాలంటే ఇట్లాంటిది ఏదో ఒకటి నమ్ముకోక తప్పదు.

సాయంత్రానికి సగం ఏరడమే అయింది. ఆ సగం కండతో ఒక ట్రే నిండా చిప్పలు కూరి పెట్టింది. మిగతా సగం, ఉడికినవి ఉడికినట్టే తట్టలో ఉన్నాయి. ఆంథోని డ్యూటీ దిగి, స్నానం చేసి, సెంటు కొట్టుకుని వంటింట్లోకి తొంగి చూశాడు.

"ఇంక ఏరలేదా? జల్దీ కానియ్. సార్లు బయలుదేరిండ్రట" అన్నాడు. ట్రే వైపు వంగి, "గీ చిప్ప మీద మసి ఉంది, తోమినవా అసలు?" అన్నాడు. తర్వాత ఆమెను చూశాడు. "ఏందే, మొఖం గట్ల పెట్టినవ్? వాళ్ల ముందట జెర నవ్వుకుంట రా."

"పెట్టుకోలేదండీ, ఉబ్బింది."

"పౌడర్ కొట్టుకో."

"ఈ ట్రే ఓవెన్ల పెట్టి సిలువమార్గానికి పోయొస్త. ఒక్కపొద్దున్న."

"నేనూ పోతలేను గదా ఇయ్యాల. మన తిప్పలు దేవుడికి తెల్వదా?" అని, అద్దంలో చూసుకుంటూ వెళ్లిపోయాడు. మన తిప్పలట! సెంటు వాసన ఆయన పోయాక కూడా వంటింట్లో ఉంది.

కారు వచ్చింది. సంతోష్ సారు, ఆయన భార్య వనజ మేడం సోఫాలో కూర్చున్నారు. ఇన్నమ్మ మంచి చీర కట్టుకుని వచ్చి, దండం పెట్టి, తన మోకాళ్ల నొప్పుల సంగతి చెప్పి మళ్లీ వసారాలోకి పోయింది. లూర్దు ఓవెన్ వేడి చేసి ట్రే లోపల పెట్టింది. వెన్నా చీజూ కరిగేలోపే ఎండ్రకాయ వాసన వంటిల్లంతా నిండింది. ఛాతీలో సన్నగా పిల్లి కూసింది. ముందు ఒకటి. కాసేపటికి ఇంకొకటి. కింది పెదవి తనది కానట్టు బరువుగా అనిపించింది. మంచినీళ్ల గ్లాసులు పళ్లెంలో పెట్టుకుని హాలు తలుపు దాకా పోయింది. తెర ఇవతలే ఉండగా ఆంథోని గొంతు వినపడింది. సార్ల ముందు మాత్రమే తీసే మెత్తటి గొంతు అది.

"అసలు మా ఆవిడకు ఇవి పడవు సార్. డాక్టరమ్మ ఖచ్చితంగా చెప్పింది, ఇంకోసారైతే ఊపిరాగిపోతది, ప్రాణానికే ముప్పని."

"అయ్యో! మరెందుకండీ చేయించడం?" అన్నది వనజ మేడం.

"చెప్పినా వినదు మేడం! సారు వస్తున్నరంటే ఆగుతదా? ప్రాణం పోయినా సరే మన ఇంటి పేరు నిలబడాలంటది. గట్లాంటి మనిషి మా లూర్దు."

"లక్కీ ఫెలోవయ్యా" అన్నాడు సంతోష్ సారు. ఇద్దరు మగవాళ్లూ నవ్వారు.

ఊపిరాగిపోతది. ప్రాణానికే ముప్పు. లూర్దు చెప్పిన మాటలే. ఒక్క అక్షరం పోలేదు. ఆ రోజు బ్రిడ్జి మీద ఆయనకు వినపడింది.

వినపడింది. విని, పెట్రోలు అన్నాడు. విని, ఇంటికొచ్చి అన్నం తిన్నాడు. విని, మరిచిపోకుండా గుండెల్లో దాచుకున్నాడు, ఇదిగో ఇట్లా సారు ముందు తీసి పెట్టడానికి! ఆమె చావును కూడా చిప్పలో కూరి, పైన చీజ్ చల్లి వడ్డిస్తున్నాడు. పైగా చెప్పినా వినదట. ఎవరు చెప్పారు? ఎప్పుడు చెప్పారు? ఛీ, ఈ మనిషి కోసమా, వినలేదు పాపం అని రెండు నెలలు తనకు తాను చెప్పుకుంది! లూర్దుకు ఏడుపు రాలేదు. ఏడవడానికి కూడా ఊపిరి కావాలి, ఉన్న ఊపిరిని ఆయన మీద ఖర్చు పెట్టదలచుకోలేదు.

గ్లాసుల పళ్లెం గుమ్మం పక్కన దించి వంటింట్లోకి పోయింది. ఓవెన్ ప్లగ్గు పీకేసింది. ట్రే బయటికి తీసి గట్టు మీద పెట్టింది. పైన ఇంకా తెల్లగానే ఉన్నాయి. విప్పి పెట్టిన కవర్లు మళ్లీ తొడుక్కుని, ఏరని ఎండ్రకాయల తట్టను రెండు చేతులతో ఎత్తింది, దాంట్లో పొత్రం పెట్టింది. నేరుగా హాల్లోకి నడిచి, జీడిపప్పు ప్లేట్లు పక్కకు జరిపి, తట్టను టీపాయి అద్దం మీద దించింది.

"రండి రండి, మీ గురించే..." అనబోయి సంతోష్ సారు ఆగిపోయాడు. ఆమె ముఖం చూసి వనజ మేడం సోఫాలోంచి సగం లేచింది.

"నమస్తే సార్, నమస్తే మేడం. మా ముదిగొండ దిక్కు ఎవరి ఎండ్రకాయ వాళ్లే కొట్టుకుని తింటరు. ఉడికినయ్, శుభ్రంగ ఉన్నయ్. పొత్రం గీడ పెట్టిన" అన్నది లూర్దు. గొంతు బొంగురుపోయి మాట చిన్నగా వచ్చింది, కానీ అందరికీ వినపడింది. తర్వాత భర్త వైపు తిరిగింది. "ఆ రోజు బ్రిడ్జి మీద మీకు వినపడ్డదన్న మాట."

"ఏందే? ఏం బ్రిడ్జి? లోపలికి నడువ్, మాట్లాడుదాం."

"నేను దవాఖానకు పోతున్న."

"పిచ్చి లేసిందా? సార్లు కూసున్నరు. గంట ఆగు, నేనే తీస్కపోత."

"జనవరిల గూడ గట్లనే అన్నరు."

చేతులకున్న కవర్లు లాగింది. చిరిగిన ఎడమది ముందు, తర్వాత కుడిది. రబ్బరు బ్యాండ్ల కింద చర్మం ఎర్రటి కడియాల్లా లేచి ఉంది. ఆ కవర్లను ఆంథోని చేతిలో పెట్టింది. "ఇగోండి, గ్లవ్సు" అన్నది.

"నేను కారులో దింపుతానండీ" అన్నది వనజ మేడం. "వద్దు మేడం, మీరు కూసోండ్రి. ఆటో ఉంది" అన్నది లూర్దు. ఈ ఇంటి అతిథులతో ఆమెకు అంతకంటే పని లేదు. కొక్కేనికున్న బ్యాగు తీసుకుని, చెప్పులు వేసుకుంది. వసారాలో ఇన్నమ్మ లేచి అడ్డం వచ్చింది.

"మొగోడి పరువు బజార్ల పెడతవా? ఏమైందిప్పుడు?"

"డాక్టరమ్మ ముట్టొద్దన్నది అత్తమ్మా."

"ఆ మాట గిప్పుడా చెప్పేది!" అన్నది ఇన్నమ్మ.

లూర్దుకు నవ్వొచ్చింది. ఆ పిల్లికూతల మధ్యనే, నిజంగానే నవ్వొచ్చింది.

వీధి చివర సాబిర్ ఆటో ఉంది. బడి పిల్లల్ని తిప్పే ఆటో అది. ఆమెను చూసి బీడీ పారేసి లేచాడు. "యా అల్లా, ఏమైంది టీచరమ్మా, మొఖం గట్ల ఉబ్బిందేంది? జల్దీ ఎక్కుండ్రి" అన్నాడు. ఎవరు వండారు, ఎవరు వచ్చారు, గంట ఆగొచ్చా అని ఏమీ అడగలేదు. అంత చిన్న మర్యాదకే ఆమెకు కళ్లు చెమ్మగిల్లాయి. గుడి ముందు నుంచి పోతుంటే లోపల సిలువమార్గం పాట వినపడింది. ఆడవాళ్ల వరుసలో తన చోటు ఎవరు తీసుకున్నారో అనుకుంది. నుదుటి మీద సిలువ గుర్తు వేసుకుని, బ్యాగులోంచి డాక్టరమ్మ ఇచ్చిన రెండో మాత్ర తీసి, సాబిర్ సీసాలో నీళ్లతో మింగింది. ఒక్కపొద్దు చెడితే చెడింది. మనిషి ఉంటే వచ్చే శుక్రవారం ఉండొచ్చు.

ఆటో బ్రిడ్జి ఎక్కగానే ఫోను మోగింది. ఆంథోని. మోగనిచ్చింది. ఆగి మళ్లీ మోగింది. ఎత్తి చెవి దగ్గర పెట్టుకుంది. ఏమాటకామాట చెప్పుకోవాలి, ఎత్తేటప్పుడు ఆమెలో ఇంకా ఒక మూల చిన్న ఆశ ఉంది. ఊపిరెట్లుంది అని అడుగుతాడేమో. ఏడిదాకా పోయినవ్, వస్తున్న అంటాడేమో.

"లూర్దూ, విను" అన్నాడు ఆంథోని, గొంతు తగ్గించి. "నీ సంగతి తర్వాత మాట్లాడుత. సార్లు ఇంక కూసునే ఉన్నరు, వాళ్ల ముందట ఇజ్జత్ పోతున్నది. గా ట్రే ఓవెన్ల ఎంత మీద పెట్టాలె? ఎన్ని నిమిషాలు? మీదికెల్లి ఇంకింత చీజ్ చల్లాల్నా?"

ముందున్న లారీ ఆగడంతో ఆటో కూడా ఆగింది. ఆ సాయంత్రం గోదావరి మీద ఆకు కదలడం లేదు. ఫోనులో ఆయన మాట, ఆ వెనక వంటింట్లో గిన్నెల చప్పుడు, ఇంకా వెనక ఎవరో పొత్రంతో ఎండ్రకాయ కొడుతున్న టక్ టక్, అన్నీ స్పష్టంగా వినపడుతున్నాయి.

"లూర్దూ? వినపడుతుందా? ఎన్ని నిమిషాలు?"

"బ్రిడ్జి మీదున్న" అన్నది లూర్దు. "గాలికి ఏం వినపడతలేదు."